కోడలికి తోడు

ఆ ఏడు చికున్‌గున్యా వచ్చి తగ్గినాక చిన్నవెంకటమ్మకు చేతులు మునుపటిలా లేవడం లేదు. పొద్దున మంచం దిగాలంటే గోడ పట్టుకోవాలి. ఎనభై నాలుగేళ్లొచ్చినాక ఇంకా కోలారు పోయి ఇనప గుండు విసరాలా అని ఆమెకే విసుగు పుట్టింది. కానీ కొడుకు కేశవ అప్పటికే బైరకూరంతా చెప్పుకున్నాడు, మా అమ్మ ఈసారి కూడా పోతుందని.

నిజానికి ఈ ఆటల మీద ఆశ ఆమెది కాదు. కోడలు పుష్పావతి బడిలో చదివేటప్పుడు పరుగు పందేల్లో ముందుండేది. పెళ్లయి వచ్చినాక సీమావులు, పేడ, రాగి చేను. యాభై దాటినాక, కోలారు స్టేడియంలో పెద్ద వయసు వాళ్లకు పోటీలు పెడుతున్నారని ఎవరో చెబితే విని, పోతానని మొగుణ్ని అడిగింది. ఈ వయసులో పరుగేంది, జనం నవ్వరా అని కేశవ కొట్టిపారేశాడు. పుష్పావతి మళ్లీ అడగలేదు. పాలక్యాను ముందేసుకుని, కడిగిందే కడుగుతూ కూర్చుంది. చిన్నవెంకటమ్మ చాలాసేపు ఆమెను చూసింది. ఆ సాయంత్రం కొడుకుతో, ముసలివాళ్లకు కూడా పోటీలున్నాయంట, నాకు పోవాలనుంది, కోడల్ని తోడు పంపు అంది. తల్లి మాట కేశవ కాదనలేకపోయాడు.

పోయినాక ఏదో ఒకటి చెయ్యాలి కదా. చిన్నవెంకటమ్మ పరిగెత్తలేదు గనుక గుండు పట్టింది. గడ్డిమోపులెత్తిన చేతులు, బాగానే పడింది. ఆ వయసు ఆడవాళ్లు ఇంకెవరూ లేకపోవడంతో మొదటి బహుమతి ఆమెకే వచ్చింది. కన్నడ పేపర్లో ఫోటో పడింది. అప్పటినుంచి కేశవకు తల్లంటే మహా గొప్ప. ఏటా తనే బస్సెక్కించేవాడు. పుష్పావతి కూడా పరిగెత్తుతుందన్న సంగతి మాత్రం ఇంట్లో ఎవరూ ఎత్తరు. ఆమె అత్తకు తోడు పోయింది, అంతే.

ఈసారి ముళబాగిలులో బస్సు మారేటప్పుడే చిన్నవెంకటమ్మ కోడలి చెయ్యి పట్టుకుని మెట్లెక్కింది. స్టేడియంలో గుండు విసిరే చోట పోటీలు చూసుకునే శ్రీరామప్ప ఆమెను ఎరుగును. అవ్వను పిలిచినట్టు కన్నడంలో అజ్జీ అని పలకరించి కుర్చీ వేయించాడు. పుష్పావతి ఆమెకు మజ్జిగ తాగించి, తన పందెం పిలుస్తున్నారని పోయింది.

మొదటిసారి గుండు చేతిలోంచి జారి కాలి పక్కనే పడింది. ఇంక వద్దు, కూర్చో అజ్జీ అన్నాడు శ్రీరామప్ప. వచ్చినందుకు ఒక్కటైనా సరిగ్గా వెయ్యాలని మళ్లీ ఎత్తింది. అదీ దగ్గర్లోనే పడింది. కళ్లు తిరిగినట్టయి ఆమె ఉన్నచోటనే మట్టిలో కూలబడింది. జనం మూగారు. ఒకాయన ఫోన్ పెట్టి ఫోటోలు తీస్తున్నాడు. వాళ్ల కాళ్ల సందుల్లోంచి పరుగు పందెం మొదలైనట్టు తెలుస్తోంది గానీ మనుషులు కనబడడం లేదు.

"అడ్డం లెయ్యండప్పా. మా కోడలు పరిగెత్తతాండాది."

వాళ్లు జరిగారు. పుష్పావతి అందరికన్నా ముందుంది. చీర కట్టు లేకుండా, పాంటూ చొక్కాలో ఆమె వేరే మనిషిలా ఉంది. రెండో చుట్టులో మలుపు తిరిగి ఇటు వచ్చేటప్పుడు ఆమె చూపు ఈ గుంపు మీద, మట్టిలో కూర్చున్న అత్త మీద పడింది. అడుగు తడబడింది. దాదాపు ఆగిపోయింది. నువ్వు పో అన్నట్టు చిన్నవెంకటమ్మ చెయ్యి ఊపబోయింది. చెయ్యి భుజం దాటి లేవలేదు. ఈలోగా వెనకున్న వాళ్లు ఒకరి తర్వాత ఒకరు దాటిపోయారు. పుష్పావతి నాలుగోదిగా గీత దాటి, అదే పరుగున అత్త దగ్గరికి వచ్చింది. రొప్పుతూనే నీళ్లు పట్టింది, చీరకంటిన మట్టి దులిపింది.

తిరుగు బస్సులో చిన్నవెంకటమ్మ చెప్పింది.

"ఇంగ నేను రాను పుష్పా. నా చేత కాదు."

పుష్పావతి కిటికీలోంచి మామిడి తోటలు చూస్తూ సరే అత్తా అంది. కొంచెం దూరం పోయినాక, ఇంగ నాకూ చాలులే అంది. చిన్నవెంకటమ్మ కోడలి భుజం మీద తల వాల్చి నిద్రపోయింది.

ఆ వయసువాళ్లు ఈసారీ ఇంకెవరూ లేక తల్లికే వచ్చిన మెడల్‌ను ఇంటికి రాగానే కేశవ చేతిలోకి తీసుకుని, వచ్చే ఏడు రాష్ట్రం పోటీలకే పోదామన్నాడు. వచ్చే ఏడు కోడలు ఒక్కతే పోతుందని చిన్నవెంకటమ్మ చెప్పింది. నువ్వు లేకుండా అది ఏమిటికి పోతాది అని నవ్వాడు.

"దాని పరుగు కోసరమే నేను గుండు పట్టినాను రా. ఈ పొద్దు నన్ను చూసి ఆగిపోయింది. గెలిచేది ఓడిపోయింది."

కేశవ నవ్వు ఆపాడు. మెడల్ చిలక్కొయ్యకు తగిలించి పశువుల దగ్గరికి పోయాడు.

మరుసటి ఏడు పోటీలు వచ్చేసరికి కేశవ గొణిగాడు గానీ వద్దనలేదు. చాలన్న కోడలి సంచిలో చిన్నవెంకటమ్మే పాంటూ చొక్కా సర్ది పెట్టింది. పుష్పావతి తెల్లవారగానే ఒక్కతే బస్సెక్కింది. పాలు పిండడానికి చిన్నవెంకటమ్మ కూర్చుంది. ఒక ఆవును పిండేసరికే వేళ్లు కొంకర్లు పోయాయి. కేశవ వచ్చి, లెయ్ అమ్మా అని, రెండో ఆవు కింద తానే కూర్చున్నాడు. అలవాటు లేక సగం పాలు నేలపాలు చేశాడు.

మధ్యాహ్నం ఫోనొచ్చింది. రెండోదిగా వచ్చినానని పుష్పావతి చెప్పింది. అజ్జి ఏది అని శ్రీరామప్ప అడిగినాడంట.

"ఏం చెప్పినావు?"

"ఇంట్లో పనుండాది, రాలేదని చెప్పినాను."

మంచి మాట చెప్పినావు, ఎండగా ఉంది, నిదానంగా రా అని చిన్నవెంకటమ్మ ఫోను కొడుక్కిచ్చింది. కేశవ దాన్ని చెవి దగ్గర పెట్టుకుని, ఏ బస్సుకు వస్తావు, బస్టాపుకు వస్తాను అన్నాడు. చిన్నవెంకటమ్మ అప్పటికే మంచం మీద గోడ వైపు తిరిగి పడుకుంది.