కథ అయిపోయాక మిగిలిన పని

కథ అయిపోయాక చేయాల్సినవి:

ఒకటి, ఎనిమిది ఊళ్ల ఉస్తాదులతో మళ్లీ పోటీ పడాలి. ఈసారి వాళ్లు గట్టిగా ఆడతారు.
రెండు, సముద్రం అవతలి దీవికి పడవ మొదలవుతుంది. అక్కడికి వెళ్లాలి.
మూడు, మంచు గుహలో ఒకే ఒక్కటి ఉంటుంది. తొందరపడితే పారిపోతుంది.
నాలుగు, పుస్తకంలో ఖాళీగా ఉన్న బొమ్మలన్నీ నింపాలి. మొత్తం నూట ఎనభై.
ఐదు, నాలుగు రకాలు చేతులు మారితేనే పెరుగుతాయి. వాటిని ఇంకొకరికి ఇచ్చి వెనక్కి తీసుకోవాలి.
ఆరు, ఇవేవీ చేయకపోయినా పర్వాలేదు గానీ రోజుకు గంట, కుడి బొటనవేలితోనే నొక్కాలి.

ఈ జాబితా రాసింది రమేష్‌బాబు గారు. ఫిజియోథెరపీ క్లినిక్ చీటీ వెనకవైపు ఎడమ చేత్తో రాశారు. అక్షరాలు ఒకదాని మీద ఒకటి పడి ఉన్నాయి. నేను చదివింది కన్నడ మీడియం. తెలుగు అక్షరాలు పీయూసీ సెలవుల్లో సొంతంగా నేర్చుకున్నాను. అందుకని కూడబలుక్కుని అమ్మకు చదివి వినిపించడానికి పావుగంట పట్టింది.

మా అమ్మ పేరు జయాబాయి. రాయచూరు స్టేషన్ దగ్గర ఒక ఖానావళిలో, అంటే భోజన హోటల్లో, పంతొమ్మిదేళ్లు జొన్నరొట్టెలు తట్టింది. తెల్లవారి మొదలుపెడితే మధ్యాహ్నం భోజనాలయ్యే దాకా ఆమె చెయ్యి ఆగేది కాదు. మా ఇంట్లో డిగ్రీ దాకా వచ్చింది నేనొక్కదాన్నే, ఆ డిగ్రీ ఆ రొట్టెల మీద వచ్చింది. పోయిన ఆగస్టులో అమ్మకు పక్షవాతం తగిలింది. కాలు రెండు నెలల్లో దారికొచ్చింది. కుడిచేతి వేళ్లు మాత్రం లోపలికి ముడుచుకుని ఉండిపోయాయి. రొట్టె తట్టాలంటే అరచెయ్యి పూర్తిగా విచ్చుకోవాలి. ఖానావళి నడిపే రాజ్యలక్ష్మమ్మ ఉగాది దాకా పొయ్యి దగ్గర అమ్మ చోటు అమ్మకే ఉంచుతానంది. ఆ తర్వాత ఇంకో మనిషిని పెట్టుకోక తప్పదని కూడా చెప్పింది. అందులో ఆమె తప్పేమీ లేదు.

క్లినిక్‌లో వాదిరాజ్ సార్ ప్రతి మంగళవారం అమ్మ చేతిని బల్ల మీద పెట్టించి, బొటనవేలి కొస నుంచి చిటికెనవేలి కొస దాకా స్కేలుతో కొలిచేవారు. మొదటిసారి తొమ్మిది సెంటీమీటర్లు వచ్చింది. మొదటి ఆరు నెలల్లో వచ్చిందే ఎక్కువ, తర్వాత రాదని కాదు గానీ కష్టమవుతుందని చెప్పి, రోజూ పిసకమని ఒక రబ్బరు బంతి ఇచ్చారు. అమ్మ రెండు రోజులు పిసికి గూట్లో పెట్టేసింది. దానివల్ల ఏ పనీ జరగడం లేదు కదా, ఊరికే ఎందుకు పిసకాలి అంది.

అలాంటప్పుడు క్లినిక్ బెంచీ మీద రమేష్‌బాబు గారు కనిపించారు. యాభైకి దగ్గరి మనిషి. సింధనూరు పక్కన, క్యాంపు అని పిలిచే ఒక ఆంధ్ర రైతుల ఊళ్లో వరి పండిస్తారు. వాళ్ల నాన్నగారి కాలంలో గోదావరి వైపు నుంచి వచ్చి కాలవ కింద భూమి కొనుక్కున్నారు. కోత మిషన్ బెల్టులో చెయ్యి పడి ఆయన కుడిచేతి నరాలు తెగాయి. తెల్లచొక్కా, పంచె, పెద్ద మీసం; చేతిలో మాత్రం పిల్లలాడే ఆట మిషన్. అమ్మ కాసేపు చూసి ఊరుకోలేకపోయింది.

"ఏంది తమ్మీ, గింత మీసం పెట్టుకొని పిల్లల ఆట ఆడుకుంట కూసున్నవ్?"

"ఆట కాదక్కగారూ, వైద్యం. బంతి పిసుకుతుంటే నాకు నిద్రొచ్చేస్తోంది. ఇదైతే వదలబుద్ధి కాదు."

మరుసటి మంగళవారం ఆయన రెండో మిషన్ తెచ్చి అమ్మ ఒళ్లో పెట్టారు. కూతురు తనూజ, కొడుకు కొట్టుకోకుండా చెరొకటి కొన్నారట. ఇప్పుడు ఇద్దరూ హాస్టళ్లలో ఉన్నారు.

ఆటలో గడ్డిలో, అడవిలో తిరుగుతూ రకరకాల వింత జంతువుల్ని పట్టుకోవాలి. వాటిని పెంచి, పోటీలకు దింపాలి. పట్టిన ప్రతిదాని బొమ్మా ఆటలోనే ఉండే ఒక పుస్తకంలో చేరుతుంది. ఊరికొక ఉస్తాదు ఉంటాడు. ఎనిమిది మందినీ గెలిచి, చివరికి పెద్ద ఉస్తాదును గెలిస్తే కథ అయిపోతుంది. తెర మీది మాటలన్నీ ఇంగ్లీషు. వాటిని నేను చదివి చెప్పేదాన్ని. అమ్మ వాటిని జీవాలు అంది, మా దగ్గర గొర్రెల్నీ మేకల్నీ అన్నట్టే. ఉడుతలా ఎర్రగా ఉండే మొదటిదానికి ఎర్రోడు అని పేరు పెట్టింది. దెబ్బ తిన్నదాన్ని మళ్లీ పోటీకి పంపేది కాదు, ఈ పూట దానికి సెలవు అనేది. పేదరాలి సంసారంలా అన్నీ చూసుకుని నడిపింది. డిసెంబరు నాటికి వాదిరాజ్ సార్ స్కేలు మీద పద్నాలుగు చూపించారు.

పెద్ద ఉస్తాదు ఓడిన రోజు నేనూ పక్కనే ఉన్నాను. సంగీతం వచ్చింది, నల్లటి తెర మీద కింది నుంచి పైకి పేర్లు పోతూ ఉన్నాయి. అవేమిటని అమ్మ అడిగింది. ఈ పని చేసినవాళ్ల పేర్లమ్మా అన్నాను. అమ్మ ఆ పేర్లన్నీ పోయేదాకా కదలకుండా కూర్చుంది. నేను అంతకంటే వివరంగా చెప్పి ఉండాల్సింది.

రెండు రోజుల తర్వాత నేను పని చేసే స్కూలు ఆఫీసు నుంచి సాయంత్రం ఇంటికొచ్చేసరికి అమ్మ గడపలో తీరిగ్గా కూర్చుని ఉంది. ముఖం తేటగా ఉంది. దీవికి పోయే పడవ చూపిద్దామని మిషన్ తెరిచాను. పట్టిన జీవాలుండే పెట్టెలన్నీ ఖాళీ. నలభై ఏడు జీవాలకు ఒక్క ఎర్రోడు మిగిలాడు.

ఏమైనయ్ అని అడిగితే ఇండ్లకు పంపిన అంది.

పెట్టె నిండినప్పుడు ఒకటి రెండిటిని ఎలా వదలాలో నేనే నేర్పాను. చదవడం రాకపోయినా ఏ వరుస, ఎన్నిసార్లు నొక్కాలి అన్నది అమ్మకు గుర్తుంది. పొద్దున్నించి ఒక్కొక్కదాన్నే వదిలింది. నాకు కోపం వచ్చింది. ఎందుకలా చేశావని గట్టిగానే అడిగాను.

"పని అయిపోయింది గద. పేర్లు గూడ పిలిచిండ్రు. పని అయినంక మందిని ఆపుకుంటే ఉసురు తగుల్తది బిడ్డా."

అప్పుడు చెప్పింది. పనుల కోసం ఊరంతా మూట కట్టుకుని పోవడాన్ని మా దగ్గర గుళే అంటారు. అమ్మ పన్నెండేళ్లప్పుడు మట్మారి నుంచి వాళ్లవాళ్లతో ఇటుకల బట్టీకి గుళే పోయింది. పని ముగిసిన రోజు మేస్త్రి వరుసగా పేర్లు పిలవాలి, పిలిచినవాళ్లు మూట ఎత్తుకుని ఊరికి పోవాలి. ఆ ఏడు పని ముగిసినా మేస్త్రి పేర్లు పిలవలేదు. ఇంకో నెల, ఇంకో నెల అంటూ వానలు పడేదాకా ఆపాడు. వాళ్లమ్మమ్మ అక్కడే చనిపోయింది. తెర మీద పేర్లు పోతుంటే అమ్మకు ఆ పిలుపు అనిపించింది. ఇంక ఆ జీవాల్ని ఒక్క రోజు ఆపుకున్నా తానే ఆ మేస్త్రి అవుతుంది.

"ఈ ఎర్రోడు మాత్రం పోతలేడు. ఎన్నిసార్లు పంపినా గాడనే నిలబడుతుండు. ఇష్టమేమో, ఉండనీ" అంది.

చివరి ఒక్కదాన్ని ఆట వదలనివ్వదని నేను చెప్పలేదు.

ఇక ఆ తర్వాత అమ్మ మిషన్ ముట్టలేదు. రమేష్‌బాబు గారి జాబితా చదివాను, ఇంకా ఎంత ఉందో చూడమ్మా అన్నాను. ఇండ్లకు పోయినవాళ్లను మళ్లీ పట్టుకొస్తారా అంది. ఇవి నిజం జీవాలు కావన్నాను. నాకు తెల్వదా అంది. వేళ్ల కోసమన్నాను, కాళ్లు పట్టుకున్నంత పని చేశాను. ఒకరోజు చదువుకున్నదాన్నన్న పొగరుతో, నువ్వు ఏదీ అర్థం చేసుకోవు అని కూడా అన్నాను. ఆ మాట ఇవాళ రాస్తుంటే సిగ్గుగా ఉంది. అమ్మ చెయ్యి ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. రెండు మంగళవారాలు గడిచాయి. స్కేలు మీద పద్నాలుగు పన్నెండయింది. వాదిరాజ్ సార్ నన్ను పక్కకు పిలిచి, ఇప్పుడు మూసుకుంటే తర్వాత తెరవడం నా వల్ల కాదమ్మా అన్నారు.

రమేష్‌బాబు గారికి ఈ సంగతి చెప్పడానికి నాకు భయమేసింది. అమ్మ వదిలినవాటిలో ఆయన తన మిషన్ నుంచి కానుకగా పంపినవి కూడా ఆరేడు ఉన్నాయి. చెప్పాను. ఆయన మీసం కింద నవ్వుతారనుకున్నాను, నవ్వలేదు. బట్టీ సంగతి మళ్లీ ఒకసారి చెప్పించుకుని విన్నారు. మంచి పనే చేశారమ్మాయ్ మీ అమ్మ అన్నారు. ఆ రోజు అమ్మతో ఏమీ మాట్లాడకుండానే బస్సెక్కి వెళ్లిపోయారు.

మరుసటి మంగళవారం వచ్చి అమ్మ పక్కన కూర్చున్నారు.

"అక్కగారూ, మీ పని అయిపోయింది, కాదనను. నా పని మిగిలిపోయింది. నా పుస్తకంలో నూట ఎనభైకి పదకొండున్నాయి. ఎడమ చేత్తో ఎంతని పట్టను? ముయ్యి కింద రాకూడదూ?"

ముయ్యి అంటే ఇవాళ నేను మీ చేలోకి, రేపు మీరు మా చేలోకి. ఇక్కడి రైతుల మాట అది. ఆయన కూడా పొలం గట్ల మీదే నేర్చుకుని ఉంటారు. ముయ్యికి పిలిస్తే ఒళ్లు బాగాలేదని తప్ప ఇంకే కారణంతోనూ రాననకూడదు. అమ్మ ఆయన చేతి వైపు చూసింది. మూడు వేళ్లు ముడుచుకుని ఉన్నాయి.

"మరి పని అయినంక?"

"అయ్యాక మీరే పేర్లు పిలిచి పంపించెయ్యండి. ఒక్కదాన్ని కూడా నేను ఆపుకోను."

"మాట తప్పొద్దు తమ్మీ."

"తప్పితే మీ ఖానావళిలో గిన్నెలు తోముతాను."

"ఆ చేత్తోనా? గిన్నెలు పగులుతయ్" అంది అమ్మ. అని, ఒళ్లోకి మిషన్ తీసుకుంది.

ఆ రోజు నుంచి అమ్మ ఆడలేదు, పనికి పోయింది. అమ్మ వాడిన మాట అదే. పొద్దున అన్నం తిన్నాక గంట, సాయంత్రం ఇంకో గంట. దీవికి పడవెక్కింది. మంచు గుహలో ఉన్నదాని కోసం పది రోజులు తిరిగింది. అది పారిపోయినప్పుడల్లా దాన్ని తిట్టి, తర్వాత పాపం అనేది. వారమంతా పట్టినవి మంగళవారం రెండు మిషన్లూ పక్కపక్కన పెట్టి ఆయనకు అప్పగించేది. చేతులు మారితే పెరిగేవి ఆయన దగ్గరికి పోయి, రూపం మారి, మళ్లీ అమ్మ దగ్గరికి వచ్చేవి. పుట్టింటికి పోయి ఒళ్లు చేసి వచ్చినట్టుంది అని మురిసిపోయేది. క్లినిక్‌కు వచ్చిన మిగతా రోగులు కూడా చుట్టూ చేరేవారు. పన్నెండు పద్నాలుగయింది, పదిహేనయింది. మార్చి మొదటి వారంలో పదిహేడు.

ఉగాదికి ఆరు రోజుల ముందు, రొట్టెలు తట్టే కట్టెపీటను నాన్న దించి అమ్మ కాళ్ల దగ్గర పెట్టాడు. అమ్మ జొన్నపిండి ముద్ద పెట్టుకుని తట్టింది. మొదటిది ఒక పక్క మందంగా, ఒక పక్క చిరిగి వచ్చింది. నాలుగోది గుండ్రంగా వచ్చింది. నేనూ నాన్నా ఉత్త రొట్టెలే తిన్నాం. పండగ మర్నాడు అమ్మ ఖానావళికి పోయింది. రాజ్యలక్ష్మమ్మ సగం రోజు పని చాలంది. ఇప్పుడు పూర్తి రోజు చేస్తోంది.

ఆ పుస్తకం కూడా నిండింది. చివరి మంగళవారం అమ్మ ఒక్కొక్కదాన్ని పేరు పెట్టి పిలిచి పంపుతుంటే ఆయన మాట ప్రకారం పక్కన కూర్చుని నొక్కారు. మధ్యలో అమ్మను వాదిరాజ్ సార్ లోపలికి పిలిచారు. నేను ఆయన మిషన్ పట్టుకుని ఉన్నాను. ఆటలో ప్రతివాళ్లకూ ఒక చీటీ ఉంటుంది, ఎప్పుడు మొదలుపెట్టిందీ అందులో ఉంటుంది. ఆయన చీటీలో ఉన్న తేదీ జనవరిది. అమ్మను ముయ్యికి పిలవడానికి సరిగ్గా ఆరు రోజుల ముందు. అంతకు చాలా ముందు నుంచీ ఆయన బెంచీ మీద ఆడుతూనే ఉన్నారు కదా అని అడిగాను.

ఆయన లోపలి తలుపు వైపు ఒకసారి చూసుకున్నారు.

"రెండేళ్లు నేనూ తనూజా కలిసి నింపిన పుస్తకమమ్మాయ్. నిండిన పుస్తకం ముందు పెట్టి సాయానికి రమ్మంటే మీ అమ్మ నమ్ముద్దా? తనూజకి ఫోన్ చేసి అడిగాను. తుడిచెయ్ నాన్నా అంది."

మరి మీ చెయ్యి అన్నాను. అది ఇంతకంటే బాగుపడదని వాదిరాజ్ సార్ డిసెంబరులోనే చెప్పేశారట, ఇంక రానక్కర్లేదని కూడా అన్నారట. అంటే జనవరి నుంచి మార్చి దాకా ప్రతి మంగళవారం, క్యాంపు నుంచి సింధనూరు, సింధనూరు నుంచి రాయచూరు, అన్ని గంటలు బస్సులో వచ్చింది మా అమ్మ వేళ్ల కోసం. కాళ్లకు దణ్ణం పెట్టబోతే, అందరూ చూస్తున్నారని వారించి, ఒక్కటే అడిగారు. మీ అమ్మకి చెప్పకు, తెలిస్తే మళ్లీ నా చేలో నాట్లకి వస్తానంటుంది అన్నారు.

చెప్పనని మాటిచ్చాను. రాయనని ఇవ్వలేదు. నేను రచయితను కాను, ఇంతకు ముందు పరీక్షల్లో తప్ప ఎక్కడా ఏదీ రాయలేదు. ఇది రాసింది ఒక్క కారణానికే. సింధనూరు బస్సులో ఎప్పుడైనా తెల్లచొక్కా, పెద్ద మీసం, కుడిచేతికి మూడు వేళ్లు ముడుచుకున్న మనిషి మీ పక్కన కూర్చుంటే ఈ సంగతంతా ఆయనతో అనకండి, ఇబ్బంది పడతారు. ఆయన పేరు రమేష్‌బాబు. అది మాత్రం గుర్తుపెట్టుకోండి.