గడప మీది పసుపు

రుచిత ఎక్కిన పరిశోధక నౌక దక్షిణ సముద్రంలో తుఫానులో చిక్కుకుని మూడు రోజులైంది. అందరూ క్షేమమేనని యూనివర్సిటీ వాళ్ళు ఒక ఈమెయిల్ పడేసి ఊరుకున్నారు. కూతురి గొంతు వింటే తప్ప నమ్మే రకం కాదు కాత్యాయని.

"ఏమండీ, హెలెన్స్‌బర్గ్ వెంకన్న గుడికి వెళ్దామా?"

"ఇవాళ క్లయింట్ మీటింగుందే. సాటర్డే డ్రైవ్ చేస్తాలే," అన్నాడు భర్త జనార్దనరావు.

శనివారం దాకా ఆగే ఓపిక ఆమెకెక్కడిది? వెంకన్నకు మనసులోనే దణ్ణం పెట్టుకుని, పారమట్టాలో రైలెక్కి, ఆపైన బస్సు మారి పాత చైనా గుడికి చేరింది. నూరేళ్ళ పైచిలుకు గుడి. ఓడల్లో వెళ్ళినవాళ్ళను ఒడ్డుకు చేర్చే సముద్రపు తల్లి అక్కడ కొలువుందని ఆసుపత్రి ఫార్మసీలో తోటి ఉద్యోగిని ఎప్పుడో చెప్పింది. సముద్రంలో చిక్కిన కూతురి గోడు ఆ తల్లికి కాక ఇంకెవరికి చెప్పుకుంటుంది?

తలుపు ఒక రెక్కే తెరిచి ఉంది. రంగు వెలిసిన ఎత్తైన కర్ర గడప, బోసిగా. అమ్మవారి గడప బోసిగా ఉంటే కాత్యాయని చేతులు ఊరుకుంటాయా? సంచిలోంచి పసుపు తీసి, నీళ్ళతో కలిపి, ఈ చివరనుంచి ఆ చివరదాకా నిండుగా రాసి, కుంకుమ బొట్లు పెట్టేసింది.

"ఏమిటీ పని!" గుడి చూసుకునే మిసెస్ లీ ఎనభై ఏళ్ళ వయసులోనూ పరుగున వచ్చింది. ఇంగ్లీషులోనే అరిచింది. "మా తాతలు ఓడలో తెచ్చిన కర్ర ఇది! దీని మీద మేం కాలైనా పెట్టం!"

కాత్యాయనికి పైప్రాణాలు పైనే పోయాయి. కూతుర్ని కాపాడమని వచ్చి, ఆ తల్లి గుమ్మమే పాడుచేసింది! చున్నీతో తుడిచింది. కుంకుమ పోయింది గానీ పసుపు పోలేదు. కళ్ళనీళ్ళు తిరుగుతున్నా ఫార్మసిస్టు బుద్ధి ఎక్కడికి పోతుంది?

"సారీ ఆంటీ. పసుపు సబ్బుకు పోదు, ఎండకు పోతుంది. ఆ రెండో రెక్క కూడా తీసి ఉంచితే..."

"అది పండక్కే తీస్తాం. అమ్మను అడగాలి."

మిసెస్ లీ అర్ధచంద్రాకారపు చెక్కలు రెండు తెచ్చి, అమ్మ ముందు నేల మీద వేసింది. రెండూ వెల్లకిలా పడ్డాయి.

"అమ్మ నవ్వుతోంది, జవాబింకా చెప్పలేదు," అంది మూతి ముడుచుకునే. మళ్ళీ వేసింది. ఒకటి వెల్లకిలా, ఒకటి బోర్లా. "సరేనంది."

రెక్క కిర్రుమంటూ తెరుచుకుంది. ఎండ గడప మీదా, అమ్మ ముఖం మీదా పడింది. అప్పుడడిగింది మిసెస్ లీ, ఎవరికోసం వచ్చావని. కాత్యాయని ఏడుస్తూ అంతా చెప్పింది.

మర్నాడు పొద్దున్నే ఫోన్ మోగింది. రుచిత. "అమ్మా, ఐ యామ్ ఓకే. హోబార్ట్ పోర్టుకి నెక్స్ట్ వీక్ వచ్చేస్తాం!"

రెండు రోజులాగి, పండ్లు తీసుకుని మళ్ళీ గుడికి వెళ్ళింది కాత్యాయని. పసుపు చాలామట్టుకు వెలిసింది. మిసెస్ లీ రెండో రెక్క మూసేస్తోంది.

"మూయకండి ఆంటీ! ఈ చివర ఇంకా ఉంది."

"మీ అమ్మాయి ఒడ్డెక్కిందా?"

"ఫోన్ చేసింది. రావడానికి ఇంకో వారం."

"అయితే ఈ కాస్త పసుపూ నీడలోనే ఉండనీ," అంది మిసెస్ లీ, గడియ వేస్తూ. "అమ్మాయిని తీసుకురా. అప్పుడు తీద్దాం తలుపు."