సీడీ మీద బొట్టు

"ఆ కొత్త కంప్యూటర్ ముట్టుకుంటే షాకు కొడుతుందేమోనే? పోనీ, ఇవాళ్టికి సెలవు పెట్టకూడదూ?" అన్నాను, మా ఫణిశ్రీ చెప్పులేసుకుంటుంటే.

"పాతది వచ్చినప్పుడూ ఇదే అన్నావమ్మా" అని నవ్వి సైకిలెక్కింది.

మా ఆయన గుండెజబ్బుతో మంచాన పడ్డాక ఇల్లు దాని జీతం మీదే నడుస్తోంది. రామచంద్రపురం శివార్లలో చంద్రరావు గారి రైసుమిల్లులో, ధాన్యం బళ్లు తూచే కాటా దగ్గర అది బిల్లులు కొడుతుంది.

మధ్యాహ్నం క్యారేజీ పట్టుకెళ్లేసరికి రెండో పంట దాళ్వా ధాన్యం ట్రాక్టర్లు బారులు తీరి ఉన్నాయి. కాటా మీద కౌలురైతు రత్నమాణిక్యం గారి బండి. ఆవిడ కాటా గది కిటికీ పట్టుకుని నిలబడి ఉంది. లోపల మా పిల్ల మొహం కందగడ్డలా ఉంది.

"ఏంటే? ఏం పాడుచేశావు?" అన్నాను.

పాత కంప్యూటర్‌కి కాటా తీగ నేరుగా తగిలించేవారట, బరువు తనంతట తానే బిల్లులో పడేది. కొత్తదానికి ఆ కన్నమే లేదట. మధ్యలో ఇంకో తీగ పెట్టాలి. ఆ తీగ చెప్పేది కంప్యూటర్‌కి తెలియాలంటే సీడీలో ఉన్న ఫైళ్లు ఎక్కించాలి. పొద్దున్న పూజలో చంద్రరావు గారు కంప్యూటర్‌కీ తీగకీ బొట్లు పెట్టి, ఆ చేత్తోనే సీడీ మెరిసే వైపు కూడా తడి కుంకం దట్టంగా పెట్టేశారు. ఇంకేం చదువుతుంది?

"తుడుస్తానంటే వద్దంటున్నారమ్మా."

"పూజలో పెట్టిన బొట్టు తుడుస్తారా ఎవరైనా?" అన్నారు పక్కనే నిలబడ్డ చంద్రరావు గారు. "సీడీ లేదు, గీడీ లేదు. భీమరాజు అంకె చదువుతాడు, నువ్వు కొట్టు."

గుమాస్తా భీమరాజు బరువు చూపించే పెట్టెను తన వైపు తిప్పుకున్నాడు. "ఎనిమిది వేల నాలుగొందల అరవై కిలోలు!"

క్యారేజీతో అతని వెనకాలే ఉన్నాను. చదివింది అయిదో తరగతే అయినా ఎర్ర అంకెలు కనపడ్డాయి. ఎనిమిది వేల ఆరొందల నలభై.

"నేను కొట్టనండి. తీగలోంచి వస్తేనే బిల్లు" అంది ఫణిశ్రీ.

"కొట్టకపోతే కుర్చీ ఖాళీ చెయ్యి" అన్నారు చంద్రరావు గారు.

నా పిల్ల నా వైపు చూసింది. ఇలాంటప్పుడు "పోనీలేవే, మనకెందుకు" అంటానని దానికి తెలుసు. నా నాలుక చివరా అదే ఉంది. ఉద్యోగం పోతే ఆయన మందులెలా? ఊళ్లో ఇంకెవరైనా పని ఇస్తారా?

"ఆరొందల నలభై కదండీ భీమరాజు గారూ, పెట్టెలో ఉన్నది?" అన్నాను.

"మీకెందుకమ్మా? క్యారేజీ ఇచ్చి వెళ్లండి."

"అది తిన్నాకే వెళ్తాను. ఆ కుర్చీలో కూర్చునే తింటుంది."

సీడీ తీసుకున్నాను. బొట్టు చెరపడమంటే నాకు ప్రాణం పోయినంత పని, అందులోనూ ఇంట్లో ఆయన అలా ఉండగా.

"అపచారమండీ!" అన్నాడు భీమరాజు.

"అయితే నాకే తగలనివ్వండి."

మంచినీళ్ల సీసా వంచి, కొంగుతో తుడిచాను. "గుండ్రంగా కాదమ్మా, మధ్యలోంచి అంచుకి" అంది ఫణిశ్రీ మెల్లగా. కొంగంతా ఎర్రబడింది.

సీడీ లోపలికెళ్లి గిర్రుమంది. ఫైళ్లు ఎక్కాయి. ఫణిశ్రీ తీగ తగిలించి, ఏవో రెండు నొక్కింది. ఎవరూ చదవకుండానే, ఎవరూ కొట్టకుండానే బిల్లులో బరువు పడింది. ఎనిమిది వేల ఆరొందల నలభై.

"ఎంతొచ్చిందమ్మా?" కిటికీలోంచి రత్నమాణిక్యం గారు.

మా పిల్ల చంద్రరావు గారి వైపు తిరిగింది. "ఇదే ప్రింటు తియ్యనా, లేచి వెళ్లిపోనా అండీ?"

ఆయన తెర చూశారు, నా కొంగు చూశారు. బయట ట్రాక్టర్ల వాళ్లు ఒక్కొక్కరే దిగి కిటికీ దగ్గరికొచ్చారు. భీమరాజు గోళ్లు చూసుకుంటున్నాడు. పోయింది, ఉద్యోగం పోయినట్టే అనుకున్నాను. అయినా అక్కణ్ణుంచి కదల్లేదు. ఫణిశ్రీ కుర్చీలోంచి లేవలేదు.



"ప్రింటు తియ్యమ్మా" అన్నారు చంద్రరావు గారు చిట్టచివరికి. "వెనకాల బండిని కాటా ఎక్కమను."