చెయ్యి వేసిన చోటు

ఇస్తాంబుల్ వెళ్ళినా మహాలక్ష్మి పొద్దున్నే లేచి చేసిన మొదటి పని బియ్యం కడగడమే. హోటల్ గదిలో వంటిల్లు ఉండదు కాబట్టి స్నానాల గదిలో, అద్దం కింద ఉన్న తెల్లటి సింకులో కడిగింది. కడుగు పారబోస్తుంటే చెయ్యి ఆగింది. ఇంటి దగ్గరైతే గేదె కుడితిలో పోసేది. ఇక్కడ గేదె ఒక్కటే లేదు. మిగతావన్నీ వెంట వచ్చాయి. కరెంటు కుక్కరు, ఆవకాయ సీసా, కందిపొడి డబ్బా, మంచం మీంచి లేవకుండానే "పెరుగు దొరికిందా?" అని అడిగే మొగుడు ముత్యాలరాజు.

ఎక్కువ మేత కొన్న రొయ్యల రైతుల్ని మేత కంపెనీవాళ్ళు ఏటా ఏదో ఒక దేశం తిప్పుతారు. ఐ.పోలవరం నుంచి ముత్యాలరాజు ఇదివరకు రెండుసార్లు వెళ్ళాడు, అప్పుడు మగవాళ్ళే. ఈసారి భార్యల్ని కూడా తీసుకురమ్మన్నారు. వీధిలో అందరూ నీ అంత అదృష్టవంతురాలు లేదన్నారు. విమానం దిగేదాకా ఆమె కూడా అలాగే అనుకుంది. దిగిన మర్నాడే అక్కడి తిండి పడటం లేదని అందరూ గొణుగుతుంటే, "మా ఆవిడ కుక్కరు తెచ్చిందండీ, మొహమాటపడకండి, వచ్చేయండి" అని ముత్యాలరాజు చుట్టుపక్కల గదులన్నిటికీ మాటిచ్చేశాడు. అలా మహాలక్ష్మి ఊరు చూడటం కిటికీ దగ్గర, అన్నం ఉడుకుతున్నంతసేపు.

ఆ పొద్దున కూడా అన్నం ఉడుకుతుండగా ముత్యాలరాజు ఫోనుకి కూతురు చేసింది. మహాలక్ష్మి ఫోను ఇంట్లోనే ఉంది. అక్కడ నీకెవరు చేస్తారే అని అతనే బీరువాలో పెట్టించాడు. కూతురు యామినిని రాజోలు ఇచ్చారు. ఇద్దరు పిల్లలు, ముప్పై ఇంకా నిండలేదు. ఏడాదిగా నెలనెలా రక్తం ఎక్కువ పోతోంది. మందులు వాడి చూద్దామని ఒక డాక్టరు, గర్భసంచి తీసేస్తే పోతుందని ఇంకో డాక్టరు అన్నారు. అత్తగారు సత్యనారాయణమ్మ రెండో డాక్టరు మాట పట్టుకుంది. వచ్చే గురువారం అమలాపురంలో ఆపరేషను. "భయంగా ఉందమ్మా, నువ్వేమంటావు?" అని యామిని అడుగుతుండగానే ముత్యాలరాజు ఫోను లాక్కున్నాడు.

"మీ అమ్మకి తీయించలేదేటి? ఏవైంది? గుండ్రాయిలా ఉంది. ఇక్కడ పదిమందికి వండి పెడతంది."

అందరూ ఆ మాటే అంటారు. ఏ ఇంట్లో ఎవరికి ఈ గొడవ వచ్చినా మహాలక్ష్మిని చూపిస్తారు. ఆమెను ఎవరూ ఏమీ అడగరు. ఆమె పక్కన నిలబడితే చాలు.

ఆమెకు తీయించినప్పుడు ముప్పై రెండేళ్ళు. రక్తం ఎక్కువ పోలేదు, నొప్పి లేదు. రొయ్యల చెరువు గట్టు మీదకి ఆడవాళ్ళు ఆ మూడు రోజులూ రాకూడదని వాళ్ళలో పట్టింపు. చెప్పులు వేసుకుని ఎక్కకూడదు, ముట్టుతో ఎక్కకూడదు. మిగతా రోజుల్లో మాత్రం చెరువు మీద పనివాళ్ళకి రెండుపూటలా అన్నం మోయవలసింది ఆమే. ఆ మూడు రోజులూ మహాలక్ష్మి అత్తగారు మోస్తూ, తిరిగొచ్చి కాళ్ళు చాపుకుని, "నీకు మంచి సుఖమే పెట్టేడు భగవంతుడు" అనేది. ఒకరోజు మధ్యాహ్నం నీళ్ళు చిలికే ఏరేటర్లు ఆగిపోయాయి. కాపలావాడు ఊళ్ళో లేడు. కాకినాడ నుంచి ముత్యాలరాజు ఫోన్ చేసి, రొయ్య చచ్చిపోతుంది పరిగెత్తవే అని కేకలు పెట్టాడు. బయట ఉన్నానండీ అని ఆమె అంటే, అదంతా తర్వాత, ముందు మోటారు వెయ్యి అన్నాడు. పరిగెత్తింది. వేసింది. పది రోజుల తర్వాత చెరువుకి తెల్లమచ్చ తెగులు తగిలి పంటంతా పోయింది. ఆ చుట్టుపక్కల చెరువులన్నిటికీ తగిలింది, కానీ ఈ చెరువుకి మాత్రం కారణం దొరికింది. కేకలు పెట్టింది తనేనని ముత్యాలరాజు నోరు విప్పలేదు. ఇద్దరు పిల్లలు పుట్టేశారు, ఇంక గర్భసంచితో పనేముంది, ఈ బాధే లేకుండా చేసేస్తే ఏడాది పొడుగునా గట్టెక్కచ్చు అని అత్తగారు అంది. సంతకం ముత్యాలరాజు పెట్టాడు. కుట్లు మానగానే ఆమె అన్ని రోజులూ గట్టెక్కింది. పద్దెనిమిదేళ్ళుగా ఎక్కుతూనే ఉంది.

ఆ రోజు భోజనాలయ్యాక మగవాళ్ళు కంపెనీ మీటింగుకి వెళ్ళారు. ఆడవాళ్ళకి కూడా ఏదో ఒకటి ఉండాలని టూరు గైడు ఓ ఏర్పాటు చేశాడు. మొదటిసారి నేర్చుకునేవాళ్ళకి గంటసేపు బెల్లీ డ్యాన్సు క్లాసు. అది ఎలా ఉంటుందో ముందురోజు సాయంత్రం పడవ మీద అందరూ చూశారు. పొట్ట మీద బట్ట లేని పిల్ల ఆడుతుంటే ముత్యాలరాజు ముందు కుర్చీలో కూర్చుని తాళం వేశాడు. ఇప్పుడు ఆ పేరు వినగానే సగంమందికి తలనొప్పులు వచ్చాయి. మామిడికుదురు రైతు భార్య అమ్ములు మాత్రం మహాలక్ష్మి చెయ్యి పట్టుకుంది. "రండి పిన్నిగారూ. గదిలో కూర్చుంటే మళ్ళీ అంట్లే కదండీ తోముతారు."

నేర్పే ఆవిడకి యాభై దాటి ఉంటాయి. పొట్ట ఉంది. దాన్ని దాచుకోలేదు. పెళ్ళిళ్ళలో ఫోటో తీసేటప్పుడు ముత్యాలరాజు చెవి దగ్గరకి వంగి "పొట్ట లోపలికి లాక్కోవే" అంటుంటాడు. ఆ మాట అలవాటై మహాలక్ష్మి అద్దం ముందు ఒంటరిగా నిలబడ్డా లాక్కుంటుంది. ఈవిడ తన పొట్టని చంటిపిల్లని చూపించినట్టు చూపించింది. రేకు బిళ్ళలు కుట్టిన పెద్ద రుమాలు ఒక్కొక్కళ్ళ నడుముకీ కట్టింది. మహాలక్ష్మి కదలకుండా నిలబడ్డా బిళ్ళలు గలగలమన్నాయి. ఊపిరికి కూడా చప్పుడవుతుందని ఆమెకి అప్పుడే తెలిసింది.

నడుము తిప్పడం ఆమెకి తేలిగ్గానే వచ్చింది. నెత్తిన అన్నం గంపతో, చంకలో నీళ్ళ బిందెతో వాన రోజుల్లో చెరువు గట్టు మీద నడిచిన మనిషి. అటు జారకుండా ఇటు, ఇటు జారకుండా అటు. నేర్పే ఆవిడ చప్పట్లు కొట్టి, ఆమెను ముందుకు పిలిచి, అందరినీ చూడమంది. మహాలక్ష్మి నవ్వింది. తన నవ్వు గోడకున్న అద్దంలో కనబడితే ఎవరో అనుకుంది. ఎవరైనా బాగుందన్న పని తను ఏదైనా చేసిందా అని వెతుక్కుంటే, కూరలు తప్ప ఇంకేమీ గుర్తుకు రాలేదు. కూరల్ని కూడా పైకి బాగుందనరు, ఇంకొంచెం వెయ్యమంటారు.

తర్వాత ఆవిడ బొడ్డు కింద అరచెయ్యి పెట్టుకుని ఏదో చెప్పింది. డిగ్రీ చదివిన అమ్ములు తెలుగులో చెప్పింది. "పిల్లలు పెరిగిన చోటుంది కదండీ, కదలిక అక్కణ్ణుంచి రావాలంటండి. అక్కడ చెయ్యేసుకుని, అది కదిలినట్టు తెలిసేదాకా ఆగమంటందండి."

అందరూ చేతులు వేసుకున్నారు. ఒకరి తర్వాత ఒకరు కిసుక్కుమన్నారు, తెలిసిందన్నారు. మహాలక్ష్మి కూడా వేసుకుంది. తనంతట తాను అక్కడ చెయ్యి వేసుకోవడం ఎన్నేళ్ళకో. చేతికి బట్ట తెలిసింది, బట్ట కింద ఒళ్ళు తెలిసింది. ఒంటికి మాత్రం చెయ్యి తెలియలేదు. ఎవరి పొట్టనో పట్టుకున్నట్టుంది. గట్టిగా నొక్కింది. గిల్లింది. కుట్టు పైన చుర్రుమంది, కుట్టు కింద ఏమీ లేదు. రోజూ లంగా బొందు బిగించి కట్టే చోటు, రోజూ సబ్బు రాసే చోటు, పద్దెనిమిదేళ్ళుగా తనకి తెలియడం లేదన్న సంగతి కూడా తనకి తెలియలేదు.

నేర్పే ఆవిడ దగ్గరకొచ్చి, వెయ్యనా అన్నట్టు చూసి, చెయ్యి వేసింది. వేళ్ళకి బట్ట మీంచే కుట్టు తగిలినట్టుంది. ఏదో అడిగింది. గర్భసంచి తీసేశారని చెప్పమంది మహాలక్ష్మి. ఏ వయసులో అని అడిగింది. ముప్పై రెండు అని చెప్పమంది. ఆవిడ ఇంకో మాట అడిగింది. అమ్ములు చెప్పడానికి కొంచెం తటపటాయించింది.

"జబ్బేంటి అని అడుగుతందండి."

మహాలక్ష్మి నోరు తెరిచింది. ఆ మాట ఆమెను ఇంతవరకు ఎవరూ అడగలేదు. చెరువు గురించి చెబితే ఆ పరాయి మనిషికి ఏం అర్థమవుతుంది? చెప్పడం మొదలుపెడితే తనకే ఏం అర్థమవుతుంది? "జబ్బేం లేదమ్మా" అంది. అమ్ములు ఆ మాట ఇంగ్లీషులోకి మార్చలేదు. ఆవిడకి మార్చకుండానే తెలిసినట్టుంది. పాట మళ్ళీ పెట్టించి, గంట అయ్యేదాకా మహాలక్ష్మి పక్కనే నిలబడి ఆడింది. అందరి పొట్టలూ అలల్లా లేచి పడుతున్నాయి. మహాలక్ష్మికి అల బొడ్డు దాకా వచ్చి అక్కడ ఆగిపోయేది. మళ్ళీ వచ్చేది, మళ్ళీ అక్కడే.

సాయంత్రం ముత్యాలరాజు గదిలోకి వచ్చేసరికే అతని ఫోనులో ఆ వీడియో ఉంది. ఎవరో తీసి టూరు గ్రూపులో పెట్టారు.

"అమ్మమ్మవయ్యేవు, సిగ్గుండక్కర్లేదా? అందరి ఫోన్లలోనూ నువ్వే."

నిన్న పడవ మీద మీరు తాళం వేసిన ఆటే కదా అన్న మాట గొంతు దాకా వచ్చింది. దాన్ని మింగేసింది. ఇప్పుడు అంతకంటే పెద్ద పని ఉంది. "యామినికి ఆపరేషను వద్దని చెప్పండి. ముందు మందులు వాడమనండి. నాకు ఏమీ కాలేదని మీరంటున్నారు గానీ, అయ్యిందండీ. నాకు అక్కడ ఏమీ తెలీట్లేదు."

అతను ఫోను జేబులో పెట్టుకున్నాడు. "గంటసేపు నడుం ఊపొచ్చి డాక్టరమ్మవైపోయేవా?"

ఆమె ఫోను ఇమ్మంది. ఛార్జింగు లేదన్నాడు. మళ్ళీ అడిగింది. నేను చెబుతాలే, నువ్వు మాట్లాడితే ఏడుపులు అన్నాడు. అమ్ములు ఫోను అడగొచ్చు గానీ కూతురి నంబరు ఆమెకి నోటికి రాదు. మర్నాడు అన్నం కలుపుతూ ముత్యాలరాజు, "ఆయ్, చెప్పేను. ఆపమన్నాను" అన్నాడు. ఆ పూట మిగిలిన బియ్యంలో ఆమె ఇంకాసిని నీళ్ళు పోసి, అతనికి ఇష్టమైనట్టు మెత్తగా వండింది. ఉన్న రెండు రోజులూ అలాగే వండింది.

తిరిగొచ్చేటప్పుడు రాజమండ్రిలో ఎక్కిన కారు అమలాపురం వచ్చాక సందులోకి తిరిగింది. ఇటెందుకండీ అని అడిగింది. ముత్యాలరాజు కిటికీలోంచి బయటకి చూస్తూ చెప్పాడు. ఆపరేషను నిన్న పొద్దున్నే అయిపోయింది. ఆమె వచ్చే వేళకి అయిపోతే చూసుకోవడానికి మనిషి ఉంటుందని అల్లుడుగారు ముందుకి జరిపించారు. ఆయన ఫోన్ చేసి అడిగితే తను సరే అన్నాడు. అక్కడే చెబితే కూర్చుని ఏడుస్తుందని చెప్పలేదు.

మహాలక్ష్మి ఏడవలేదు. మంచం మీద యామిని వాడిపోయిన తోటకూర కాడలా పడి ఉంది. తల్లిని చూసి పెదవులు కదిపింది. "నీకూ ఇంత నొప్పి వచ్చిందా అమ్మా? ఎప్పుడూ చెప్పలేదే?" మహాలక్ష్మి తడిగుడ్డతో కూతురి పెదవులు తుడిచింది. తుడుస్తూ, దుప్పటి మీద ఏ చోట చెయ్యి పడకూడదో ఆ చోటునే చూస్తూ కూర్చుంది. చెప్పడానికి ఇప్పుడు మాట ఉంది. వినాల్సిన పిల్లకి దాంతో పని అయిపోయింది.

వియ్యపురాలు సత్యనారాయణమ్మ కాఫీ ఫ్లాస్కు పట్టుకుని లోపలికి వచ్చింది. వెనకాల చిన్నకోడలు కనకదుర్గ గుమ్మం దగ్గరే ఆగిపోయింది. పెళ్ళయి నాలుగేళ్ళైన పిల్ల, గోడకి అతుక్కుని నిలబడింది.

"వదినగారూ, టూరు బాగా జరిగిందాండీ? మీరొచ్చేరు, ఇంక నాకు బెంగ లేదు. మా చిన్నదానికీ ఇదే గొడవండీ. ఈ డాక్టరుగారే దీనికీ తీసేస్తానన్నారు. ఇదేమో బెదిరిపోతంది. మీరు ఒక్క మాట చెబితే దానికి ధైర్యంగా ఉంటది. చూడవే, ఈ పిన్నిగారికి తీయించి పద్దెనిమిదేళ్ళయ్యింది. ఆవిడికేవైంది?"

ముత్యాలరాజు ఫోను చూసుకుంటూ, "చెప్పవే" అన్నాడు.

మహాలక్ష్మి లేచింది. గుమ్మం దగ్గరకి వెళ్ళి కనకదుర్గ చెయ్యి పట్టుకుంది. చెయ్యి చల్లగా ఉంది. దాన్ని తన బొడ్డు కింద చీర మీద ఆనించుకుని, తన చెయ్యి వదిలేసి, కళ్ళు మూసుకుంది. మంచం మీంచి యామిని చూస్తోంది.

"చెయ్యి ఉందా, తీసేసేవా అమ్మా?" అని అడిగింది మహాలక్ష్మి. "నువ్వు చెబితే గానీ నాకు తెలీదు."