నాలుగు వేళ్ల ఎత్తు

కొలకర్రను గోడకు ఆనించి, తడిగుడ్డతో పైనుంచి కిందకు తుడిచాడు. మనిషికి రెండింతలున్న చెక్క కర్ర అది. దాని మీద ఎరుపు, నలుపు గీతలు, అంకెలు. పిడికిలి పట్టే చోట రెండంచులా రంగు అరిగి లోపలి చెక్క తేలింది. రోడ్డు పనిలో అందరూ అతన్ని కర్రాయన అనేవారు. ముప్పై ఒక్క ఏళ్లుగా అతని పని ఒక్కటే. చెప్పిన చోట కర్రను నిటారుగా నిలబెట్టాలి, దూరాన యంత్రంలోంచి చూసేవాళ్లు అంకె రాసుకునేదాకా కదలకూడదు.

ఈ ఉదయం మాత్రం కాళ్లు ఒక చోట నిలవడం లేదు. గ్లాసుడు నీళ్లు తాగాడు, తాగిన సంగతి మరిచి మళ్లీ ముంచుకున్నాడు. చెప్పులు వేసుకున్నాడు, విప్పాడు. ఎడమ భుజం నిన్నటి నుంచి లాగుతోంది. కర్ర దగ్గరికే వచ్చి మళ్లీ గుడ్డ అందుకున్నాడు.

"తుడిచిందే తుడుస్తావేంటయ్యా? ఆ కర్రనే కట్టుకోవాల్సింది నువ్వు, నా పీడా వదిలేది," అంది భార్య, అన్నం డబ్బా మూత బిగిస్తూ.

"అదైతే నోరు మెదపదు."

"అందుకే నీకు సరిజోడు."

నవ్వబోయాడు గానీ నవ్వు రాలేదు. ఆమెకూ చెప్పని సంగతి ఒకటి పంతొమ్మిదేళ్లుగా అతని లోపలే ఉండిపోయింది.

ఎనిమిదింటికి జీపు వచ్చింది. ముందు సీట్లో వంతెన పని చూసే ఇంజనీరమ్మ ఉంది. ఒళ్లో లెక్కల పుస్తకం, కళ్ల కింద నలుపు. అతను కర్రను జాగ్రత్తగా పైకెక్కించి వెనక కూర్చున్నాడు.

రేవు పట్నంలో మొదలై సరిహద్దు నది దాకా రెండు వందల పన్నెండు కిలోమీటర్ల రోడ్డు అది. కర్ర భుజాన వేసుకుని అతను నడవని అడుగు అందులో లేదు. మైదానంలో మొదటి ఎనభై కిలోమీటర్లు నాలుగేళ్లలో పరుగులు పెట్టింది. కొండలు మాత్రం ఎనిమిదేళ్లు మింగాయి. సొరంగాన్ని రెండు వైపుల నుంచీ తవ్వుకొస్తుంటే మధ్యలో ఊట తగిలి ఏడాది పాటు పని మూలపడింది. ఆ పన్నెండో ఏట ఎత్తుల కొలతలు నది గట్టు దాకా తీసుకెళ్లారో లేదో, సుంకం గేటు ఎవరి ఒడ్డున ఉండాలని రెండు ప్రభుత్వాలూ పంతానికి పోయాయి. అంతే, పదకొండేళ్లు రోడ్డు మీద మేకలు మేశాయి. తర్వాత రాజీ పడి, వంతెన సగం వాళ్లు, సగం వీళ్లు కట్టుకొచ్చారు. ఇంకో రెండు బారలు పడితే నది మీద కలిసిపోతుంది.

నిన్న రెండు వైపుల వాళ్లూ కొలిచి చూసుకుంటే, ఇటు సగం ఎనిమిది సెంటీమీటర్లు కిందకు ఉన్నట్టు తేలింది. అవతలి ఇంజనీర్లు మర్యాదగా నవ్వి ఊరుకున్నారు. రేపు పై అధికారి వస్తున్నాడు.

"నా లెక్కే తప్పయ్యుంటుంది బాబాయ్. ఎక్కడ జారానో దొరకడం లేదు. రేపు నన్ను నిలబెట్టి కడిగేస్తారు," అందామె వెనక్కి తిరక్కుండానే.

అతను అద్దం దించాడు, ఎత్తాడు. కిలోమీటరు రాళ్లు ఒక్కొక్కటే వెనక్కి పోతున్నాయి. రెండు వందల ఐదు. ఆరు. పుస్తకంలో ఆమె వేలు అదే పేజీ మీద పైకీ కిందకీ తిరుగుతోంది. తన కూతురిది కూడా ఇదే వయసని గుర్తొచ్చి అతను ముందుకు వంగాడు.

"జీపు ఆపించమ్మా," అన్నాడు. "తప్పు నీది కాదు. నాది."

ఆమె వెనక్కి తిరిగింది.

"నది దగ్గర తుమ్మపొదలో ఎత్తులన్నిటికీ ఆధారమైన కొలత రాయి ఒకటుంది. దాని నెత్తిన బొడిపె మీద కర్ర పెట్టాలి. ఆ రోజు బొడిపె నిండా గండుచీమలు. దాని పక్కనే కిందగా ఉన్న రాతి మెట్టు మీద పెట్టేశా. నాలుగు వేళ్ల ఎత్తు తేడా. గడ్డిలో అప్పటి ఇంజనీరుగారికి కనబళ్లేదు. అంకె రాసేసుకున్నారు."

"అప్పుడే చెప్పొచ్చు కదా బాబాయ్?"

"నన్ను పర్మనెంటు చేసే కాగితం ఆ వారమే రావాలి. ఇంట్లో బడికెళ్లే పిల్ల. నోరు పెగల్లేదమ్మా. తర్వాత రోడ్డే ఆగిపోయింది, పీడా పోయిందనుకున్నా. మళ్లీ మొదలెట్టినప్పుడు ఎవరో ఒకరు ఆ రాయి నుంచి చూస్తారులే అనుకున్నా. అందరూ ఆ రోజు ఆ అంకె లెక్కన గట్టు మీద దిగ్గొట్టిన ఇనప మేకునే నమ్ముకున్నారు. నిన్నటి దాకా నేనూ మరిచిపోయినట్టే నటించా."

ఆమె లెక్కల పుస్తకం మూసింది. "రాయి చూపించు," అంది చివరికి.

నది గట్టు దాకా వెళ్లి చూస్తే రాయి అక్కడే ఉంది. చీమలూ ఉన్నాయి, వాటి మనవలో మునిమనవలో. ఆమె గట్టు మీద యంత్రం బిగించింది. అతను పొదలో దూరి కర్రను బొడిపె మీద నిలిపాడు. చీమలు ముంజేతి దాకా పాకి కుట్టాయి. కదల్లేదు. తర్వాత మేకు మీద పెట్టాడు. ఆమె రెండు అంకెలూ వేసుకుని, తీసేసి, పాత లెక్కతో పోల్చి, పుస్తకం పైకెత్తి ఊపింది.

"ఎనిమిది! సరిగ్గా ఎనిమిదే బాబాయ్! మన సగం మీద తారు కొంచెం కొంచెంగా ఎత్తు పెంచుకుంటూ పోతే చాలు. బండిలో వెళ్లేవాళ్లకు కడుపులో చల్ల కదలదు."

"రిపోర్టులో నా పేరే రాయమ్మా."

"రాస్తా. తప్పు చేసింది నువ్వని రాస్తా, పట్టిచ్చిందీ నువ్వేనని రాస్తా. ఇంకొక్కసారి రాయి మీద పెట్టు, సరిచూసుకుందాం."

అతను మళ్లీ పొదలోకి నడిచాడు. పొద్దున్నుంచీ ఒళ్లంతా తిరిగిన కంగారు ఎటు పోయిందో పోయింది. భుజం నొప్పి మాత్రం ఛాతీలోకి దిగింది. కర్రను బొడిపె మీద ఉంచి, రాయికి వీపు ఆనించి కూర్చున్నాడు. రెండు చేతులూ పైకెత్తి కర్రను పట్టుకున్నాడు.

యంత్రంలో అంకె స్పష్టంగా కనిపించింది. ఆమె రాసుకుంది. మళ్లీ కన్ను పెట్టేసరికి కర్ర కొద్దిగా పక్కకు ఒరుగుతోంది.

"నిటారుగా, బాబాయ్!" అని కేకేసింది. ఆ మాట అతనితో అనడం ఆమెకు అదే మొదటిసారి. అది తట్టగానే పుస్తకం పడేసి పరుగెత్తింది.

అతని చేతులు ఒళ్లోకి జారి ఉన్నాయి. చీమలు మెడ మీద పాకుతున్నా విదిలించుకోవడం లేదు. ఆమె పిలిచింది, భుజం పట్టి కుదిపింది, డ్రైవర్‌ను కేకేసింది. ఇద్దరూ అతన్ని మోసుకుని జీపు వైపు పరుగెత్తారు. అప్పటికే అతని ప్రాణం పోయింది.

పొదలో కర్ర తుమ్మకొమ్మకు ఒరిగి, కింది అంచు బొడిపె మీదే ఆనించుకుని, పిడికిలి మేర రంగు అరిగిన చోట ఎండ పడుతూ, అలాగే ఉండిపోయింది.