గెలుపుగుంజకు వేలాడిన డాలు

నేను వడ్రంగిని. తలుపులు చేస్తాను, నాగళ్లు చేస్తాను. జీవితంలో ఒకే ఒక్క గెలుపుగుంజ చేశాను. దాన్ని ఎవరైనా మెచ్చుకుంటే ఇప్పటికీ నా చెంపలు నేనే వాయించుకోవాలనిపిస్తుంది.

ఆ ఏడు కోతలకు ముందు మా ఫలైయాకూ కొండ అవతలి కెర్సాకూ గొర్రెలు మేపే బీడు దగ్గర గొడవ వచ్చింది. ఏటా వచ్చేదే. ఈసారి తిట్లతో పోలేదు. రెండు ఊళ్ల మగాళ్లూ డాళ్లు, ఈటెలు పట్టుకుని బీడులోకి దిగాం. పొద్దుటి నుంచీ తోసుకున్నాం, పొడుచుకున్నాం. మధ్యాహ్నం దాటాక వాన ముంచుకొచ్చింది. కెర్సా వాళ్లు తమ శవాలను ఎత్తుకుని, తమ డాళ్లు ఏరుకుని, తాపీగా కొండెక్కి వెళ్లిపోయారు. ఎవరూ గెలవలేదు, ఎవరూ ఓడలేదు. మేమూ ఇళ్లకు పోవలసినవాళ్లమే.

కానీ మా దళపతి తిమాసియస్ బుర్రలో పురుగు దొలిచింది. యుద్ధం జరిగిన చోట గుంజ పాతి, శత్రువు దగ్గర గుంజుకున్న ఆయుధాలు దానికి తొడిగితే గెలుపు పాతినవాళ్లదే. అది మా పెద్ద దేవుడు జ్యూస్ సొమ్ము. శత్రువు కూడా దాన్ని పీకడు. పాతినవాళ్లు కూడా మళ్లీ ముట్టుకోకూడదు, ఒరిగితే నిలబెట్టకూడదు. పుచ్చిపోతే పుచ్చిపోవాల్సిందే.

తిమాసియస్ మిగతావాళ్లందరినీ శవాలు బండ్లకెక్కించమని పంపి నన్ను ఆపాడు. "ఒరేయ్ మోల్పా, ఆ ఓక్ కొమ్మ నరుకు. గుంజ పాతుదాం."

"దేనికి పాతడం? మనం గెలిచామా ఏంటి?"

"వాళ్లు వెళ్లిపోయారు, మనం ఉన్నాం. ఇంకేం కావాలిరా నీకు?"

నరికాను, చెక్కాను, పాతాను. బురదలో కెర్సా వాళ్ల శిరస్త్రాణం ఒకటి, విరిగిన ఈటె ఒకటి దొరికాయి. అవి పైన పెట్టాం. ఎంత వెతికినా డాలు మాత్రం ఒక్కటీ దొరకలేదు. డాలు లేని గుంజను చూస్తే కుక్కలు కూడా నవ్వుతాయి.

"మనవాళ్లలో చచ్చినవాడిది ఒకటి తీసుకురా," అన్నాడు తిమాసియస్. "వాడికిక ఎందుకది? మీద బొమ్మ గీకేస్తే ఎవడికి తెలుస్తుంది?"

వద్దు అనొచ్చు. ఒక్క ముక్క. ఆ ముక్క నా నోట రాలేదు. వానలో తడిసి ఉన్నాను, ఆకలిగా ఉంది, త్వరగా ఇంటికి పోవాలని ఉంది. సాకులు ఎన్నయినా చెప్పగలను. ఛీ.

మావాళ్లు పదముగ్గురు పోయారు. పన్నెండుగురి పక్కన వాళ్ల తండ్రులో అన్నదమ్ములో నిలబడి ఏడుస్తున్నారు. పదమూడోవాడు సోతాదస్. మీసం మొలవకముందు నుంచీ నా స్నేహితుడు. వాడికి తండ్రి లేడు, అన్నదమ్ములు లేరు. ఇంటి దగ్గర తల్లి ఒక్కతే. అడిగేవాళ్లు ఎవరూ లేరు కాబట్టి నేరుగా వాడి దగ్గరికే వెళ్లాను. స్నేహితుణ్ని కాబట్టి వెళ్లలేదు, అది గుర్తుపెట్టుకోండి.

డాలు తెచ్చాను. దాని మీద వాడు ముచ్చటపడి వేయించుకున్న ముళ్లపంది బొమ్మను బాడిసెతో గీకేశాను. చెయ్యి దూర్చే పట్టీ మాత్రం మార్చడానికి వీల్లేకపోయింది. పాత తోలు తెగిపోతే వాళ్లమ్మ ఎర్ర ఉన్నితో పట్టీ నేసి కుట్టింది. అది కనబడకుండా లోపలి వైపు గుంజకు ఆనించి బిగించాను.

మా దగ్గర చచ్చిన వీరుణ్ని వాడి డాలు మీద పడుకోబెట్టి తెస్తారు. పన్నెండుగురు అలాగే వచ్చారు. సోతాదస్ బండి చెక్క మీద వచ్చాడు.

వాళ్లమ్మ క్లేనో ఊరి గుమ్మం దగ్గర నిలబడి ఉంది. కొడుకు ముఖం తుడిచింది. తర్వాత బండి కింద వంగి చూసింది, అవతలి వైపుకు వెళ్లి చూసింది.

"వీడి డాలేది నాయనా?" అని నన్నడిగింది.

"ఏమో అమ్మా. గొడవలో ఎటు పోయిందో," అన్నాను.

అదీ నేను ఆడిన మొదటి అబద్ధం. మిగతావాటిని ఊరే కల్పించుకుంది. గెలిచింది మనమట. గెలిచినప్పుడు మనవాడి ఒంటి మీంచి శత్రువు డాలు గుంజుకుపోయే వీలే లేదట. మరి డాలు ఎలా పోతుంది? వాడే పారేసి పరిగెత్తి ఉంటాడు! అందరికీ ఇది ఎంత సూటిగా తోచిందంటే, రెండోసారి ఆలోచించినవాడు లేడు. మేం గెలిచామన్నది ఎంత గట్టిపడితే సోతాదస్ అంత పిరికివాడయ్యాడు.

ఊట దగ్గర క్లేనో కడవ పెడితే ఆడవాళ్లు తమ కడవలు పక్కకు జరుపుకునేవారు. "జాగ్రత్తమ్మా, కడవ కూడా పారేసి పరిగెడుతుందేమో," అని ఒకతె అంటే మిగతావాళ్లు కిసుక్కుమనేవారు. చలికాలంలో ఊరు చనిపోయినవాళ్ల పేర్లతో రాయి నిలబెడదామంది. పై వరసలో మా గెలుపు సంగతి, కింద పన్నెండు పేర్లు.

"వాడిది రాసి మిగతావాళ్లను అవమానిస్తామా?" అన్నాడు తిమాసియస్ సభలో, నా వైపు చూడకుండా. నేను నా గోళ్లు చూసుకుంటూ కూర్చున్నాను.

ఆ చలికాలమంతా క్లేనో ఇంటికి కట్టెలు మోశాను. బార్లీ విసిరి పెట్టాను, ఇంటి కప్పు సరిచేశాను. మంచితనం కాదు, సిగ్గు. సిగ్గు ఒంట్లో దూరితే చేతులు ఊరికే ఉండవు.

"నువ్వొక్కడివేరా మావాడి మీద ఒక్క మాట అనలేదు," అనేది ఆవిడ. "వాడు తోడబుట్టినవాళ్లు లేకుండా పుట్టినా నిన్ను సంపాదించుకుని పోయాడు." ఆ మాట వింటే భూమి చీలి నన్ను మింగేస్తే బాగుండుననిపించేది.

వానలు తగ్గాక ఒకనాడు పొద్దున్నే నన్ను పిలిచింది. "మావాడు పడిన చోటు చూడాలి. పాలు, తేనె పోసి వస్తాను. తీసుకెళ్తావా?"

"దూరం అమ్మా. దారంతా రాళ్లు. నేనే వెళ్లి పోసి వస్తాను."

"కన్నది నేనా నువ్వా? నడువు."

నడిచాం. పట్టీ లోపలి వైపు ఉందిగా, కనబడదులే అని దారంతా నాకు నేనే చెప్పుకున్నాను. బీడు చేరేసరికి పొద్దు నడినెత్తికొచ్చింది. సోతాదస్ పడిన చోట ఆవిడ పాలు పోసి, కొడుకుతో ఏదో మాట్లాడింది. వెళ్దాం అనబోతుండగా గుంజ వైపు తిరిగింది. "ఇదేనా మీరు పాతింది? దగ్గరికెళ్లి చూస్తాను. ఇంతమంది బిడ్డల్ని తిన్నది ఎలా ఉంటుందో."

చలికాలపు గాలికి గుంజ ఒరిగిపోయింది. నేను కట్టిన తాడు తెగి, డాలు ఒక మేకు మీద వేలాడుతూ తిరగబడి ఉంది. ఎర్ర పట్టీ ఎండలో నిగనిగలాడుతోంది.

క్లేనో ముట్టుకోలేదు. ముఖం దగ్గరగా పెట్టి కుట్టు చూసింది. చాలాసేపు చూసింది.

"ఈ చివర ముడి తప్పు పడింది. విప్పి మళ్లీ వేస్తానంటే, ఫర్వాలేదులే అమ్మా అని తీసుకుపోయాడు," అంది.

ఆవిడ కాళ్ల దగ్గర మోకరిల్లాను. అంతా చెప్పేశాను. వాన, తిమాసియస్, బాడిసె, ముళ్లపంది. ఆవిడ తిట్టలేదు. ఒక్కటే అడిగింది.

"నువ్వు తీసుకున్నప్పుడు అది ఎక్కడుంది?"

"చేతిలోనే అమ్మా. పట్టు వదల్లేదు. వేళ్లు... ఒక్కొక్కటే విడదీయాల్సొచ్చింది."

ఆవిడ కళ్లు మూసుకుంది. "వదల్లేదన్నమాట," అంది. మళ్లీ, "వదల్లేదు," అంది. తర్వాత నా జుట్టు పట్టుకుని తల పైకెత్తింది. "మీ గెలుపు నాకక్కర్లేదు. మీరే ఉంచుకోండి. ఈ వేళ్ల ముక్క ఒక్కటి సభలో చెప్పు. రాయి మీద వాడి పేరు పడాలి. చెప్తావా?"

"చెప్తాను అమ్మా."

"ఒట్టు?"

"జ్యూస్ దేవుడి మీద ఒట్టు."

నాలుగు రోజుల తర్వాత సభ. మా సభలోకి ఆడవాళ్లు రారు. ఆవిడ బయట గోడ పక్కన నిలబడింది. రాయి చెక్కే పని మొదలైంది, ఇంకేమైనా చెప్పాల్సినవాళ్లున్నారా అని అడిగారు. నేను లేచాను. తిమాసియస్ నన్ను చూశాడు. ఆయన పక్కనే, యుద్ధంలో కొడుకును పోగొట్టుకున్న ముసలాయన ఒకడు నన్ను చూశాడు. ఆయనకు మిగిలింది ఆ గెలుపొక్కటే.

"ఏంట్రా మోల్పా?" అన్నారు.

"రాయికి... చెక్క పందిరి కావాలంటే నేను వేస్తాను," అన్నాను.

మెచ్చుకున్నారు. అవును, మెచ్చుకున్నారు! బయటికొచ్చేసరికి గోడ పక్కన ఎవరూ లేరు. మర్నాడు నేను వేసిన కట్టెలన్నీ ఆవిడ గుమ్మం బయట, దారి మీద పడి ఉన్నాయి.

మూడో రోజు పట్టపగలు, సంత నిండుగా ఉన్న వేళ, క్లేనో ఊరి గుమ్మంలోంచి నడిచొచ్చింది. ఎడమ చేతికి డాలు తొడుక్కుంది. అంత బరువు మోయలేక భుజం కిందికి వంగిపోయింది. సంత మధ్యకొచ్చి, ఎర్ర పట్టీ పైకి కనబడేలా డాలును నేల మీద పెట్టింది.

జనం వెనక్కి జరిగారు. దేవుడి సొమ్ము ముట్టుకున్నవాళ్లను రాళ్లతో కొట్టి పొలిమేర దాటిస్తారు. అది తెలియని పిల్లాడు కూడా మా ఊళ్లో ఉండడు.

తిమాసియస్ పరిగెత్తుకొచ్చాడు. "గుంజ మీంచి తీశావా? నీకు మతి పోయిందా?"

"నా కొడుకు డాలు నేను తెచ్చుకున్నాను. పట్టీ నేను కుట్టింది."

"నిన్న రాత్రి కుట్టి ఉంటావు! కొడుకు పరువు కోసం దేవుడి దగ్గరే దొంగతనమా?" అని జనం వైపు తిరిగాడు. "చూస్తున్నారుగా?"

అప్పటికే కొందరు వంగి రాళ్లు ఏరుతున్నారు. క్లేనో నా పేరు చెప్పలేదు. చెబితే సరిపోయేది. నేను పది అడుగుల దూరంలో ఉన్నాను, నన్ను చూసింది కూడా. చూసి తల తిప్పుకుంది, నన్ను అడిగి లాభం లేదన్నట్టు.

దాంతో నేను మాట్లాడాను. ధైర్యం వచ్చిందనుకోకండి. ఆ తల తిప్పుకోవడం తట్టుకోలేకపోయాను, అంతే.

"ఆవిడ్ని ముట్టుకోవద్దు," అన్నాను. "ఆ డాలు సోతాదస్‌దే. గుంజకు కట్టింది నేను. బొమ్మ గీకింది నేను. మనం ఎవరి డాలూ గుంజుకోలేదు. మనం గెలవలేదు. వాడు చచ్చాక కూడా డాలు వదల్లేదు, వేళ్లు విడదీసి తీసుకున్నాను."

రాళ్లు ఒక్కొక్కటే కిందపడ్డాయి. కొడుకును పోగొట్టుకున్న ముసలాయన నా దగ్గరికొచ్చాడు. "ఇన్నాళ్లూ ఎక్కడ చచ్చావురా?" అన్నాడు. నా ముఖం మీద ఉమ్మి వెళ్లిపోయాడు. తుడుచుకోలేదు.

ఊరు ఏం చేసింది అంటారా? గొడవ పెద్దది చేస్తే కెర్సా వాళ్లు వింటారని భయపడింది. క్లేనోను వదిలేశారు, తిమాసియస్‌ను మళ్లీ దళపతిగా ఎన్నుకోలేదు, నన్ను ఇక యుద్ధ వరసలో నిలబడొద్దన్నారు. రాయి మీది పై వరస చెరపలేదు. పదమూడో పేరు కోసం చోటు మిగల్చలేదు కాబట్టి సోతాదస్ పేరును అడుగున, చిన్న అక్షరాలతో, ఇరికించి చెక్కారు. వంగితేనే కనబడుతుంది.

సంతలో నిజం చెప్పిన రోజు సాయంత్రమే ఒక మోపు కట్టెలు తీసుకుని క్లేనో ఇంటికి వెళ్లాను. తలుపు తీసింది. వెనక గోడకు డాలు ఆనించి ఉంది.

"వాడి వేళ్లు విడదీసింది ఏ చేత్తో?" అంది.

అర్థమైంది. కుడి చెయ్యి చాపాను. తెలియకుండానే పిడికిలి బిగుసుకుపోయి ఉంది. ఆవిడ దాన్ని తన ఎడమ చేతిలోకి తీసుకుని, చూపుడువేలు విడదీసింది. తర్వాత నడిమివేలు. తర్వాత ఉంగరపు వేలు. తొందరపడకుండా, ఒక్కొక్కటే.

"ఇలాగేనా?" అని అడిగింది.

"ఇలాగే అమ్మా."

నా చెయ్యి వదిలేసి లోపలికెళ్లి తలుపేసుకుంది.