నల్ల రాతికి అవతల

మా కొండలు ఎర్రవి. ఆ ఎరుపులో అక్కడక్కడ ఒక నల్ల పట్టీ, ఎవరో కాటుక వేలితో గీసినట్టు, ఈ కొండ నెత్తిన మొదలై లోయలోకి దిగి, ఇసుక కింద దాక్కుని, ఎదుటి కొండెక్కి పోతుంది. అది లోయను దాటే చోట, దానికి ఎగువన బావి తవ్వాలి. ఎర్ర రాయి ఒళ్లంతా పగుళ్లు, వాన నీళ్లను కిందికి జార్చేస్తుంది. నల్ల రాయి అడ్డం పడుకుని ఆపుతుంది. మా సీనాయిలో నడక నేర్చిన ప్రతి పిల్లకూ తెలిసిన సంగతే ఇది.

నువైజాకు తెలియదా మరి? నలభై ఏళ్లు అలాంటి బావి నీళ్లే తాగింది. పెళ్లైన ఏడే మొగుడు మర్జూక్ ఆ బావి పక్కన తోట వేశాడు. బాదం, అంజూర, రెండు బేరి చెట్లు. బేరి కొమ్మను తడిగుడ్డలో చుట్టి రెండు రోజులు నడిచి తెచ్చి అంటు కట్టాడు. ఆ ఇంట్లో పిల్లలు నిలవలేదు, చెట్లు నిలిచాయి. పోయిన చలికాలం మర్జూకూ పోయాడు. ఆ ఏడు మంచు కూడా పడలేదు, అంతకు ముందు రెండేళ్లూ అంతే. మంచు పడి మెల్లగా కరిగితేనే కదా రాళ్లలోకి నీళ్లు దిగేది.

వేసవి మొదట్లో బొక్కెన బురద మోసుకొచ్చింది. నువైజా తన తమ్ముడు అతియ్యాకు కబురు పెట్టింది. అతను గడ్డపార భుజాన వేసుకుని పొద్దెక్కాక వచ్చాడు.

"విందుకైతే ముందురోజే వచ్చేవాడివి" అంది.

"విందులో నువ్వు ఇంత కోపంగా ఉండవు కదక్కా."

బావిలోకి దిగి చూసి పైకొచ్చాడు. "ఎగువ వైపే ఇంకో నిలువు లోతు దిగుదాం."

"ఎర్ర రాయిలో రోజుకి జానెడు దిగుతావు. ఈలోగా నా చెట్లు పొయ్యిలోకి పనికొస్తాయి. ఆ నల్ల గోడ చూశావా, చెమట పట్టినట్టుంది. నీళ్లన్నీ దాన్ని ఆనుకునే ఉన్నాయి. దాన్నే కొట్టు."

"బావ ఉంటే ఒప్పుకునేవాడు కాదక్కా."

"మీ బావ ఉంటే నిన్నెందుకు పిలుస్తాను?"

అతియ్యా మళ్లీ బావిలోకి దిగాడు. నల్ల రాయి పైకి బింకంగా కనిపిస్తుంది గానీ లోపల మెత్తన, ఎండిన రొట్టెలా పొరలుగా విరుగుతుంది. మూడు మూరలు తొలిచేసరికి పక్కనుంచి నీళ్లు ఊరాయి. సాయంత్రానికి మోకాలి లోతు. నువైజా దోసిలితో తాగింది. ప్రతి చెట్టు మొదట్లోనూ రెండేసి బొక్కెనలు పోసింది. బేరి చెట్టు బెరడు మీద తడి చెయ్యి పెట్టి కాసేపు అలాగే నిలబడింది. తమ్ముడికి బూడిదలో కాల్చిన రొట్టె, నెయ్యి పెట్టింది.

అక్కడితో ఆగి ఉంటే ఎంత బాగుండును.

"ఇంకొక్క మూరెడు" అంది మర్నాడు పొద్దున్నే. "వేసవి ఇంకా మొదలే కదా."

"చాలక్కా."

"మూరెడే అన్నాను. ముత్తాత గోరీ తవ్వమన్నానా?"

అతియ్యా కొట్టాడు. నాలుగో దెబ్బకు గడ్డపార చేతిలోంచి జారినంత పని చేసి అవతలికి దూసుకుపోయింది. దాని మొనకు ఎర్ర పొడి అంటింది. బావిలో నీళ్లు ఒకసారి గిర్రున తిరిగి, గొంతులో గుటక పడ్డట్టు చప్పుడు చేసి, ఆ కంతలోకి వెళ్లిపోయాయి. మధ్యాహ్నానికి అడుగు కనిపించింది.

మట్టి పిసికి కూరారు. గొర్రె బొచ్చు కలిపి కూరారు. సిమెంటు బస్తా ఒంటె మీద తెప్పించి పూశారు. ఏదీ నిలవలేదు. కింద వంద అడుగుల దూరంలో, ఎవరి చెట్టూ లేని చోట, ఇసుక నాలుగు రోజులు చెమ్మగిల్లి ఆరిపోయింది.

"గడ్డపార పట్టింది నేనే కదా, ఊళ్లో నా తప్పేనని చెబుతాలే" అన్నాడు అతియ్యా.

"గడ్డపార నీది, నోరు నాది. ఎవరడిగినా ఉన్నదే చెప్పు."

నెల తిరిగేసరికి అంజూర ఆకులు అంచుల్లో మాడాయి. బేరి పిందెలు రాలాయి. పచ్చగా మిగిలింది కొంచెమే. ఒక పొద్దున పొరుగు గుడారం హమ్దా మేకలను తోలుకుని గోడ పక్కగా పోతోంది. మా దగ్గర మేక మూతి పెట్టిన తోట ఇక తోట కాదు. అందుకే మనిషి ఎత్తు రాతి గోడలు కడతాం, గుమ్మానికి ముళ్లకంప అడ్డం పెడతాం.

నువైజా ఆ ముళ్లకంపను పక్కకు లాగింది.

"ఏంటే ఈ పని?" అంది హమ్దా. "గోడ మీద మేక తల కనిపిస్తేనే రాళ్లు రువ్వేదానివి."

"నీ మేకల డొక్కలు చూడలేకపోతున్నాను. తోలు లోపలికి. పచ్చగా ఉన్నప్పుడే తిననీ."

హమ్దా కదల్లేదు. మేకలు ఆగలేదు, ఒకదాన్నొకటి తోసుకుంటూ లోపలికి దూరాయి. కింది ఆకులు క్షణంలో అయిపోయాయి. పై కొమ్మల కోసం అవి ముందు కాళ్లెత్తి బేరి మొదలు మీద నిలబడ్డాయి. అందలేదు. నువైజా దగ్గరికెళ్లి రెండు చేతులా కొమ్మను పట్టుకుని కిందికి వంచింది, అవి తినేదాకా అలాగే పట్టుకుని నిలబడింది.